బాగుచెలక

మా ఆయన తోటల చరిత్ర రాసేవారు. ఈ మాట చెబితే ఇప్పటికీ ఎదుటివాళ్ళు ఒక్క క్షణం ఆగి, "తోటలకు కూడా చరిత్ర ఉంటుందా?" అని అడుగుతారు. సూర్యాపేటలో ఆ రోజుల్లో ఆ మాత్రం మర్యాద కూడా ఉండేది కాదు. "నీ పెనిమిటి చదివింది తోటపనా?" అని మా వీధి ఆడవాళ్ళు నవ్వేవారు. ఆయన హైదరాబాదులో కాలేజీ పంతులనీ, గోల్కొండ సుల్తానుల కాలం మీద పరిశోధన చేస్తున్నారనీ నేను చెప్పేలోపు వాళ్ళు బిందెలెత్తుకుని వెళ్ళిపోయేవారు.

పోలీసు చర్య జరిగిన ఏడాది చలికాలంలో ఆయన కామెర్లతో ఇంటికి వచ్చారు. అప్పటికి మా పెళ్ళయి నాలుగేళ్ళు. నాకు ఇరవై ఏళ్ళు. అంతకుముందు ఏడాదంతా రజాకార్ల భయానికి నేనూ మా అత్తమ్మా నిజాం సరిహద్దు దాటి అవతల బంధువుల ఇంట్లో తలదాచుకున్నాం. ఆయన మాత్రం హైదరాబాదులో ఉండిపోయారు. అంటే, పెళ్ళయి నాలుగేళ్ళయినా మేమిద్దరం ఒక కప్పు కింద వరసగా నాలుగు నెలలు ఉన్నది లేదు. బండి దిగుతున్న మనిషిని చూసి మొదట నేను గుర్తుపట్టలేదు. మెడ సన్నగా, కళ్ళు పసుపుగా ఉన్నాయి. ఆయన వెనక బండివాడు దించిన ఇనప్పెట్టెను మాత్రం గుర్తుపట్టాను. దాని నిండా కాగితాలే.

కాలేజీవాళ్ళు ఆరు నెలలు సెలవిచ్చారు. దవాఖానలో డాక్టరు కారం, నూనె వద్దన్నారు. పొద్దంతా పడుకోమని కూడా చెప్పారుగానీ ఆయన ఆ మాట వినలేదు. అరుగు మీద చాప వేసుకుని, పెట్టె తెరిచి, ఫారసీ కాగితాల నకళ్ళు పరుచుకుని కూర్చునేవారు. గాలికి ఎగిరిపోకుండా వాటి మీద పెట్టడానికి నేను నది గులకరాళ్ళు కడిగి ఇచ్చేదాన్ని.

గోల్కొండ నుంచి బందరు రేవుకు మూడు వందల ఏళ్ళ కింద ఒక బాట ఉండేది. వజ్రాలూ, అద్దకం బట్టలూ, పొగాకూ ఆ బాట మీదే నడిచాయి. రేవులో దిగిన ఒలందా (డచ్చి) వర్తకులూ, ఇంగ్లీషువాళ్ళూ సుల్తాను దర్శనానికి ఆ బాటనే పోయేవారు. దారి పొడుగునా ఉద్యోగులూ, పెద్దలూ తోటలు వేయించారు. ప్రయాణికులు ఆ తోటల్లో దిగేవారు, అక్కడే కానుకలు విప్పేవారు, పై నుంచి అనుమతి వచ్చేదాకా అక్కడే పడి ఉండేవారు. ఆ తోటలు ఎక్కడెక్కడ ఉండేవి, వాటిలో ఏం పండేది, ఎవరు నీళ్ళు పెట్టేవారు అన్నది మా ఆయన వెతుకులాట.

ఆ చలికాలంలో మా ఇంట్లో ఆ చరిత్ర మీద మొదటి గొడవ మిరపకాయ దగ్గర వచ్చింది.

మా అత్తమ్మ కొడుకు పథ్యం కోసం మిరియాల చారు కాచి, పెసరపప్పు ఉడికించి, అన్నం మెత్తగా వండి పెట్టేది. పెడుతూ కళ్ళు తుడుచుకునేది. "కారం లేని కూడు తిని నా కొడుకు నోరు సచ్చిపోయిందే" అని నాతో చెప్పుకునేది.

ఒకరోజు ఆయన చారన్నం కలుపుకుంటూ, తల్లిని సంతోషపెడదామనుకున్నారేమో, "ఎందుకమ్మా ఏడుస్తవు? నాలుగు వందల ఏండ్ల కింద మన తాతలందరు గిదే తిన్నరు" అన్నారు.

"కారం లేకుంట తిన్నరా?"

"మిరియాల కారమే. అప్పుడు మిరపకాయ ఏడిది? దాన్ని సముద్రం అవతలి నుంచి పోర్చుగీసోళ్ళు ఓడలల్ల తెచ్చిన్రు."

అత్తమ్మ గరిటె పట్టుకుని అలాగే నిలబడింది. "ఏంది తెచ్చింది?"

"మిరపకాయ."

"మన మిరపకాయనా?"

"మనది కాదమ్మా అదే చెప్తున్న. జామకాయ గూడ గంతే. బొప్పాయి గంతే."

"సీతాఫలమో?"

ఆయన నిజమే చెప్పారు. "అది గూడ ఓడలనే వచ్చింది."

"సీతమ్మ తల్లి పేరు పెట్టుకున్న పండు ఓడల వచ్చిందా? నీకింక జ్వరం దిగలే, పండుకో" అని అత్తమ్మ కంచం ముందు నుంచి వెళ్ళిపోయింది. రెండు రోజులు కొడుకుతో మాట్లాడలేదు. అన్నం నాతో పంపించేది. పెరట్లో ఎండబోసిన మిరపకాయల చుట్టూ తిరుగుతూ వాటికేదో అవమానం జరిగినట్టు మాటిమాటికీ చేత్తో సర్దేది.

మూడో రోజు మా మామగారి తద్దినం. పొద్దున్నే రోట్లో మిరియాలు దంచుతున్న అత్తమ్మ దంచడం ఆపి, రోకలి గోడకు ఆనించి అరుగు మీదికి వెళ్ళింది. నేను వాకిట్లో ఉన్నాను.

"కొడుకా, నీ మాట నిజమేనేమోరా" అంది. "తద్దినం నాడు మనం మిరపకాయ ముట్టం. మా అత్త గూడ ముట్టకపోయేది. ఎందుకత్తా అని అడిగితే, పెద్దోళ్ళు తినని వస్తువ పెద్దోళ్ళకు పెట్టొద్దు అన్నది. నాకు అప్పుడు సమజ్ గాలే."

ఆయన చేతిలో కలం ఆగిపోయింది. "అమ్మా, ఇంకొక్కసారి చెప్పు. ఏమేం పెట్టరు తద్దినంల?"

అత్తమ్మ వేళ్ళు ముడుస్తూ చెప్పింది. ఆయన రాసుకున్నారు. ఆమె చెప్పినకొద్దీ ఆయన మొహం వెలిగిపోయింది. అంతా అయ్యాక అత్తమ్మ లోపలికి వస్తూ గడప దగ్గర వెనక్కి తిరిగి, "గందుకే మిర్యాలగూడ అన్నరు గని మిరపకాయలగూడ అనలే!" అంది. ఊరి పేరు పుట్టుక అంత తేలిక కాదని ఆయనకు తెలుసు. తల్లి మొహంలో గెలుపు చూసి, అది కూడా రాసుకుంటున్నట్టు కలం ఆడించారు. నా పుట్టిల్లు మిర్యాలగూడ కాబట్టి నేనూ తలవంచుకుని నవ్వుకున్నాను.

ఆ రోజు నుంచి ఆయన కాగితాల్లో ఏముందో వినడం నాకు అలవాటయింది. పనులు ముగించుకుని అరుగు చివర కూర్చుని బియ్యం ఏరుతూ వినేదాన్ని. ఒకసారి మనసులో ఉన్నది అడిగేశాను.

"ఊర్లల్ల గిన్ని ఘోరాలు జరిగినయి. ఇండ్లు కాలినయి, మనుషులు పోయిన్రు. మీరేమో ఎప్పటియో తోటల మీద రాస్తున్నరు. ఎవరికి పనికొస్తది?"

ఆయనకు కోపం వస్తుందనుకున్నాను. రాలేదు. "నన్ను నేను గూడ అదే అడుగుకున్న" అన్నారు. "తోటల ఎవరు నీడకు కూసున్నరు, ఎవరు ఎండల నీళ్ళు మోసిన్రు, ఎవరిని గుమ్మం కాడ నిలబెట్టిన్రు, గది తెలిస్తే ఆ కాలం తెలుస్తది. గా తెల్లోళ్ళు మొదట మన తోటల గుమ్మాల కాడ దినాలకు దినాలు నిలబడ్డోళ్ళు. వందేండ్లు తిరిగేసరికి మనల్ని నిలబెట్టిన్రు. నడుమ ఏం జరిగిందో చెప్పాలె గద ఎవరైన."

నాకు పూర్తిగా అర్థమైందని చెప్పను. ఆ తర్వాత మాత్రం ఎవరికి పనికొస్తుందని మళ్ళీ అడగలేదు.

ఆ సెలవులోనే ఆయన ఒక వ్యాసం పూర్తిచేశారు. కోదాడ దగ్గర ఒక పెద్ద ఉద్యోగి వేయించిన తోట గురించి. ఒలందా వర్తకులు ఆ తోటలో నెలకు పైగా అనుమతి కోసం ఎదురుచూశారట. కుదురు లేక తమ దేశం నుంచి తెచ్చుకున్న ఆకుకూర విత్తనాలు అక్కడ చల్లుకున్నారట. బావి ఒడ్డున తోట అని ఫారసీ కాగితంలో ఉంది. కోదాడ పొలిమేరలో బాట పక్కనే ఒక పెద్ద రాతిబావి ఉందని ఆయన ఎప్పుడో బస్సులోంచి చూశారు. తోట ఆ బావి చుట్టూ ఉండేదని తేల్చి రాసి, వ్యాసం హైదరాబాదుకు పంపించారు. వేసవిలో అక్కడ పండితుల సభ జరగబోతోంది. అందులో చదివిస్తామని ఆయన గురువుగారు మెచ్చుకుంటూ ఉత్తరం రాశారు. కాలేజీలో పై ఉద్యోగం ఖాళీ అవబోతోందని, ఈ వ్యాసం దానికి అక్కరకొస్తుందని కూడా రాశారు. ఆ ఉత్తరం ఆయన నాకు రెండుసార్లు చదివి వినిపించారు.

ఇక మిగిలింది ఆ చోటికి వెళ్ళి కొలతలు తీసుకుని పటం గీయడం. "నేను గూడ వస్త" అన్నాను. ఆయన తటపటాయించారు. అత్తమ్మే తీర్పు చెప్పింది. "పథ్యం ఎవరు వండుతరు కోదాడల? దాన్ని తీస్కపో."

బొగ్గుతో నడిచే బస్సు అది. ఎత్తు వచ్చినప్పుడల్లా ఆగి, డ్రైవరు దిగి పొయ్యి ఎగదోస్తే మళ్ళీ కదిలేది. కోదాడలో దూరపు చుట్టం ఇంట్లో ఒక గది ఇచ్చారు. మర్నాడు పొద్దున్నే నేను మూడు రాళ్ళ పొయ్యి మీద చారు కాచి, అన్నం డబ్బాలో సర్దుకున్నాను. నూలు తాడు ఒకటి, నోటుపుస్తకం, కొలబద్ద పట్టుకుని ఇద్దరం బావి దగ్గరికి నడిచాం.

బావి నిజంగా గొప్పది. నాలుగు వైపులా రాతిమెట్లు, లోపల పచ్చటి నీళ్ళు. ఆయన చిన్నపిల్లవాడిలా మెట్లు దిగి ఎక్కి, తాడు ఒక కొస నా చేతికిచ్చి దూరంగా నడిచి, ముడులు లెక్కపెట్టి రాసుకున్నారు. నేను కొస పట్టుకుని నిలబడి కాళ్ళ కింద నేల చూశాను. తెల్లటి పొడి పాదాలకు అంటుకుంటోంది. కాలికి తగిలితే పెళుసుగా విరిగే మట్టి. మా నాయిన నిమ్మతోట నేలలో పుట్టి పెరిగినదాన్ని. ఉప్పు తేలి, చెట్టును బతకనివ్వని ఆ మట్టి నాకు తెలుసు.

"గిది సవుడు నేల" అన్నాను.

ఆయన వినిపించుకోలేదు. తాడు ఇంకోవైపు పట్టమన్నారు.

నేను బావి చుట్టూ తిరిగి చూశాను. ఎటు చూసినా మెట్లే. మోటతో నీళ్ళు తోడే ఎడ్లు నడవడానికి వాలు బాట లేదు. మోట బిగించే రాతి స్తంభాలు లేవు. వాటిని పీకేసిన గుంటలూ లేవు. నీళ్ళు పారడానికి కాలవ లేదు.

"జర ఆగున్రి" అన్నాను. "గీ బాయి తాగేతందుకు, దారిన పోయేటోళ్ళ కోసం తవ్విన్రు. తోటకు గాదు. తోటకైతే మోట ఉండాలె. కడవలతోని మోసి తోట పెంచుతరా?"

"కాయిదంల బాయి ఒడ్డున అని ఉన్నది."

"ఏ బాయి ఒడ్డునని ఉన్నది?"

ఆయన మొహం ఎర్రబడింది. "ఎనిమిదేండ్ల నుంచి సదువుతున్న నేను. నువ్వు ఒక్క పూట తాడు పట్టుకున్నవు" అన్నారు.

అలాంటి మాట ఆయన నోట ఎప్పుడూ వినలేదు. నేను తాడు కింద పెట్టి వెళ్ళి తుమ్మచెట్టు కింద కూర్చున్నాను. కళ్ళలో నీళ్ళు తిరిగాయి గానీ ఆయనకు కనబడనివ్వలేదు. ఆయన ఒక్కరే రాయికి తాడు కట్టి కొలుచుకుంటూ ఉండిపోయారు.

అప్పుడే మేకలు తోలుకుంటూ ఒక ముసలమ్మ వచ్చింది. ఆయన కొలవడం చూసి దూరం నుంచే కేకలు వేసింది. "ఎవరి భూమి కొలుస్తున్నవు పంతులా? మొన్న ఒకళ్ళొచ్చి కొలిచిరి, నిన్న ఇంకొకళ్ళొచ్చి కొలిచిరి. ఎవళ్ళకి కట్టబెడతవ్ ఈసారి?"

ఆ రోజుల్లో తాడు పట్టుకున్న మనిషిని చూస్తే ఊళ్ళలో అందరికీ అనుమానమే. ఆయన కంగారుపడ్డారు. నేను లేచి వెళ్ళి ఆమె చేయి పట్టుకున్నాను. "అవ్వా, మేం భూములోళ్ళం కాదు. ఎనకట గీడ తోట ఉండెనంట. అది ఏడ ఉన్నదో సూస్తున్నం."

అవ్వ నన్ను ఎగాదిగా చూసింది. "తోటనా? ఈడనా? ఈ సవుడు మీదనా?" అని, పళ్ళు లేని నోటితో నవ్వింది. నేను ఆయన వైపు చూడలేదు.

అవ్వను కూర్చోబెట్టి మిరియాల చారన్నం పెట్టాను. ఒక ముద్ద తిని, "ఇదేం కూడు బిడ్డా, బాలింతదా?" అని అడిగింది. ఆయన పథ్యం సంగతి చెప్పాను. "అయ్యో, అందుకా అట్ల సిడిసిడిలాడతన్నడు" అంది. తింటూ తింటూ చెప్పింది. వాళ్ళది తరతరాలుగా తోటపని చేసిన ఇల్లు. ఆమెకు ఊహ తెలిసేనాటికే తోటలేమీ లేవు, కూరగాయల మళ్ళు తప్ప. ఇప్పుడు కొడుకు వాగుకు అవతల బాగుచెలక అనే మెట్టచేలో జొన్న వేస్తున్నాడు.

"పేరుకే బాగుచెలక" అంది. "బాగు ఏముంది దాన్ల? నాగలి పెడితే ఇటుక ముక్కలు, మట్టి గొట్టాలు. ఏ మారాజు పేరు పెట్టిండోగాని."

ఆయన అప్పటికి తాడు చుట్టుకుంటూ మా దగ్గరికి వచ్చారు. ఆ మాట వినగానే నిలబడిపోయారు.

"ఏం చెలక అన్నవవ్వా?"

"బాగుచెలక."

"బాగ్" అన్నారు ఆయన, నెమ్మదిగా. మళ్ళీ ఒకసారి అన్నారు. నాకు ఫారసీ రాకపోయినా హైదరాబాదు మాటలు కొన్ని తెలుసు. బాగ్ అంటే తోట. ఊరంతా మంచి చెలక అనుకుని పిలుస్తున్న పేరు అసలు తోటచెలక. ఆయన నా వైపు చూశారు. ఆ చూపులో సంతోషం ఎంత ఉందో భయమూ అంత ఉంది.

అవ్వ మమ్మల్ని వాగు దాటించి తీసుకెళ్ళింది. నల్లగా, మెత్తగా ఉన్న నేల. చేను మధ్యలో పెద్ద గుంత. "అది బాయి. మా తాత ఉన్నప్పుడే పూడ్సిన్రంట. ఎడ్లు నడిసే బాట ఇదిగో, ఇట్టా ఉండేదంట" అని చేత్తో వాలు చూపించింది. గట్ల వెంట పలుగురాళ్ళలో కలిసి మట్టి గొట్టాల ముక్కలు. నా ముంజేతి పొడవు, ఒకదానిలో ఒకటి దూరేట్టు ఒక కొస సన్నం. నీళ్ళు పారించిన గొట్టాలు. ఆయన నేల మీద మోకాళ్ళేసి కూర్చుని వాటిని ఒక్కొక్కటే తుడిచారు.

చెక్కుచెదరని గొట్టం ఒకటి అవ్వ ఇంట్లో ఉంది. పొయ్యి పక్కన నిలబెట్టి అందులో గరిటెలు పెట్టుకుంది. ఆయన దాన్ని హైదరాబాదు మ్యూజియానికి ఇమ్మని బతిమాలారు.

"మరి నా గరిటెలు ఏడ పెట్టుకోవాలె?" అంది అవ్వ.

ఆయన నోటుపుస్తకం తీసి, గరిటెలతో సహా బొమ్మ గీసుకున్నారు.

మర్నాడు మేము సూర్యాపేటకు తిరిగి వెళ్ళాల్సింది. ఆయన మిర్యాలగూడ పోదామన్నారు. మా నాయిన మోట ఎలా తోలుతాడో కళ్ళతో చూడాలన్నారు. రాత్రంతా ఆయన నిద్రపోలేదు. ఎడ్లబండి మీద హుజూర్‌నగర్ దారిన పోతుంటే ఆయన మనసులో ఉన్నది చెప్పారు.

"వ్యాసం పోయింది. సభల చదువుతరు. గురువుగారు అందరికి చెప్పిండు. ఇప్పుడు తప్పని రాస్తే..." ఆగి, చెలకల వైపు చూస్తూ అన్నారు. "తోట ఉన్నదన్నది నిజమే గద. బాయికి ఇవతలనో అవతలనో. హైదరాబాదు నుంచి ఎవరొచ్చి సూస్తరు గీడికి?"

"నేను సూసిన గద" అన్నాను.

ఆయన తువ్వాలు తలకు చుట్టుకుని బండి వెనక వైపుకు తిరిగి కూర్చున్నారు. ఎక్కువ అన్నానేమోనని నాకే దిగులేసింది.

దారిలో రాత్రి ఒక సత్రంలో ఆగి, మర్నాడు చేరాం. మా నాయిన నిమ్మతోట ఊరికి మైలు దూరం. మేము వెళ్ళేసరికి మోట తోలుతున్నాడు. తోటలో సగం చెట్లు మోడులు. మా పుట్టింటివాళ్ళు కూడా సరిహద్దు అవతల ఉన్న ఆ ఎండాకాలం నీళ్ళు పెట్టేవాళ్ళు లేక ఎండిపోయాయి. మిగిలిన వాటిని బతికించుకోవడానికి నాయిన పొద్దంతా అక్కడే ఉంటున్నాడు. ఒక మోడు కాండం గోటితో గీరి, లోపల పచ్చదనం కనబడితే అల్లుడికి చూపించాడు.

"అల్లుడా, ఇది బతుకుతది. గా పక్కది ఖతం" అన్నాడు. "తోట సచ్చిపోయేతందుకు పెద్ద ఆపదేం అక్కరలేదు. ఒక్క ఎండకాలం నీళ్ళు ఆగితే సాలు. మా నాయిన పెట్టిన చెట్లివి. మల్ల ఇరవై ఏండ్లు పోతే గీడ తోట ఉండెనంటే ఎవడు నమ్ముతడు?"

ఆయన గట్టు మీద కూర్చుని ఆ మాట విన్నారు. కాసేపటికి లేచి, పంచె ఎగ్గట్టుకుని, నాయిన వారిస్తున్నా వినకుండా పార తీసుకుని పాదులకు నీళ్ళు మళ్ళించడం మొదలుపెట్టారు. పార పట్టడం రాక ఒక పాదు గట్టు తెంపేశారు. నీళ్ళన్నీ దారిలోకి పోయాయి. నాయిన నవ్వాపుకోలేక మోట ఆపేశాడు. దాంతో ఆయనా పగలబడి నవ్వారు. కామెర్లు వచ్చాక ఆయన అలా నవ్వడం నేను చూసింది అప్పుడే.

ఆ సాయంత్రం మా పుట్టింటి వసారాలో కూర్చుని ఆయన గురువుగారికి ఉత్తరం రాశారు. నేను తోట చోటు తప్పుగా రాశాను, వ్యాసం వెనక్కి పంపండి, సభలో చదవకండి అని. ఎందుకు తప్పో నాలుగు ముక్కల్లో రాసి, చదివి వినిపించి, "మోట సంగతి సరిగ్గ రాసిన్నా?" అని నన్ను అడిగారు. బాట కొలత ఒకటి సరిచేశాను. తర్వాత కలం మూతపెట్టి, తలెత్తకుండానే, "మొన్న బాయి కాడ నేనట్ల అనొద్దుండె" అన్నారు. "అన్నరు గని, ఇయ్యాల గట్టు తెంపిన్రుగా. సరిపాయె" అన్నాను.

వ్యాసం వెనక్కి వచ్చింది. సభ ఆయన లేకుండానే జరిగింది. పై ఉద్యోగం ఇంకొకరికి పోయింది. గురువుగారు ఆ ఏడాదంతా ముభావంగానే ఉన్నారు. ఇదంతా ఆయనను బాధపెట్టలేదని చెబితే అబద్ధమవుతుంది. ఒక నెలపాటు ఇనప్పెట్టె మూత తెరవలేదు. వాకిట్లో కూర్చుని అత్తమ్మకు చిక్కుడుకాయలు ఒలిచిపెట్టేవారు. కాయలు అయిపోతే ఆమె పక్కింటి నుంచి ఇంకొన్ని తెచ్చి ముందు పోసేది.

తర్వాత తనంతట తానే పెట్టె తెరిచి మళ్ళీ మొదటి నుంచి రాశారు. ఈసారి వ్యాసం మూడింతలయింది. బాగుచెలక పేరు, పూడిన బావి, గొట్టాలు, సవుడు నేల, తద్దినం వంట, అన్నీ వచ్చాయి. కోదాడ అవ్వ పేరు, మా అత్తమ్మ పేరు, నా పేరు వ్యాసం చివర రాశారు. అచ్చువేసే పత్రికవాళ్ళు అవి తీసేసి "స్థానికులు చెప్పిన ప్రకారం" అని పెట్టారు. ఆడవాళ్ళ పేర్లు, అందులోనూ ఇంటి ఆడవాళ్ళ పేర్లు పరిశోధనలో బాగుండవని ఉత్తరం రాశారు. ఆయన రెండుసార్లు తిరిగి రాశారు. వాళ్ళు వినలేదు.

ఏడాది తిరిగేసరికి విడిగా అచ్చయిన ప్రతులు పాతిక వచ్చాయి. ఆయన మధ్యాహ్నమంతా కూర్చుని, పాతిక ప్రతుల్లోనూ ఆ "స్థానికులు" అన్న మాట కొట్టేసి, నల్లసిరాతో మూడు పేర్లూ రాశారు. సిరా ఆరడానికి వాటిని వసారా అంతా పరిచారు. అత్తమ్మ చదువుకోలేదు. తన పేరు ఎక్కడుందో వేలుపెట్టి చూపించమంది. చూపిస్తే, "గింత చిన్నగనా?" అంది.

ఒక ప్రతి కోదాడ తీసుకెళ్ళాం. అవ్వ దాన్ని తిప్పి చూసి, "నా పేరెందుకు బిడ్డా, ఎవళ్ళకి తెలుసు? చెలక పేరు రాసిండా పంతులు?" అని అడిగింది. రాశారని చెప్పాను. తల ఊపి, ప్రతిని జాగ్రత్తగా మడిచి చూరులో దోపింది. తర్వాత మాకు మజ్జిగ ఇచ్చి, ఆ ఏడు బాగుచెలకలో వేసిన వంకాయ నారు చూపించడానికి తీసుకెళ్ళింది.

ఆ వానాకాలంలో, కాలేజీ నుంచి ఆదివారాలకు ఇంటికి వచ్చినప్పుడు ఆయన నాకు ఫారసీ అక్షరాలు దిద్దించడం మొదలుపెట్టారు. కుడి నుంచి ఎడమకు రాయడం చేతికి వచ్చేసరికి నాకు రెండు నెలలు పట్టింది. వీధి ఆడవాళ్ళు కిటికీలోంచి తొంగిచూసి, "మొగుడు తోటపని నేర్చిండు, పెండ్లాం ముల్లా సదువు నేరుస్తున్నది" అని నవ్వుకున్నారు. నేను పలక మీద రాసి చూపిస్తే ఆయన తప్పులు దిద్ది, ఒక్కోసారి దిద్దకుండా అలాగే నా వైపు చూస్తూ ఉండేవారు. "ఏంది?" అనేదాన్ని. "ఏం లేదు, రాయి" అనేవారు. దసరా దాటాక ఒక పాత కాగితం నకలు నా ముందు పెట్టి, చదవమన్నారు. వేలితో కూడబలుక్కుంటూ మొదటి వరుస పూర్తిగా చదివాను. ఒక తోటమాలికి ఏటా ఇవ్వాల్సిన ధాన్యం గురించి అందులో ఉంది. తోటమాలి పేరు దగ్గర కాగితం చిరిగిపోయింది.

"పేరు పోయింది" అన్నాను.

"పోయింది" అన్నారు ఆయన. "కింది వరస సదువు."